మామ శని, రాగిరేకు

నెగడు దగ్గరికి ఇంకాస్త జరుగు నాయనా. ఆ సెల్లు జేబులో పెట్టు, దాంట్లో గంట చూసుకుంటూ కూర్చుంటే నా ముచ్చట సాగదు. మా రోజుల్లో పల్నాటిలో టైము చూసుకునేవాళ్ళు తక్కువ, కాలాన్నే మార్పించుకోవాలని తిరిగేవాళ్ళు ఎక్కువ. అందుకు సాధనం అరచేతిలో పట్టే రాగిరేకు.

మా మేనమామది నరసరావుపేటకు పడమటి ఊరు. జొన్న, సజ్జ, కాస్త మిరప. వానొస్తే పంట, లేకుంటే ఆకాశం వంక చూపు. 1961లో ఆయన పంతులుగారి దగ్గరికి పోతే, పంచాంగం తిప్పి, "నీది కుంభరాశి, ఏలినాటి శని పట్టింది" అన్నాడు. శని ఒక్కో రాశిలో రెండున్నరేళ్ళు కూర్చుంటాడు గదా. మన రాశికి ముందుదీ, మన రాశీ, తర్వాతదీ కలిపితే ఏడున్నరేళ్ళు. అంటే 1968 దాకా విడుదల లేదు. మామ సంతలో గొడ్డును బేరమాడినట్టు, "కాస్త తగ్గించే మార్గం చూడండి" అన్నాట్ట.

పంతులుగారు రేకును చింతపండుతో తోమించి, శనివారం పొద్దున్నే గంటం పట్టి మూడడ్డం మూడు నిలువు గళ్ళు గీశాడు. పై వరసలో 12, 7, 14. నడిమి వరసలో 13, 11, 9. కింద 8, 15, 10. వేళ్ళు మడిచి కూడు, నేనాగుతాను. అడ్డం, నిలువు, ఐమూల, ఎటు కూడినా 33 వచ్చిందా? సూర్యుడి రేకులో 15, చంద్రుడి రేకులో 18, అట్లా వారాల వరసన మూడేసి పెరుగుతూ శనికి 33. ఆపైన రాహుకేతువులకు 36, 39.

ఇట్లాంటి అంకెల గళ్ళు నిన్న మొన్నటివి కావు. నాగార్జునుడి పేరు మీదున్న కక్షపుటమనే తంత్రగ్రంథంలో నాలుగు వరసల చదరం ఉంది, ఎటు కూడినా నూరు. మాచర్ల అవతలి నాగార్జునకొండకు పేరిచ్చిన ఆచార్యుడే అది రాశాడని మా రచ్చబండ మీద ఒట్టేసి చెప్పేవాళ్ళు. పండితులు మాత్రం ఇద్దరినీ వేరుచేస్తారు. పేరు కలిసిందని మనిషి కలవడు గదా. సరే, మామ దగ్గరికొద్దాం, లేకుంటే నువ్వు నిద్దరపోతావు.

రేకుకు పావలా, రాసినందుకు అర్ధరూపాయి, మానికెడు నువ్వులు. నయాపైసలొచ్చి నాలుగేళ్ళయినా మా వాళ్ళ నోట అణాలే ఆడేవి. అణాకు ఆరు పైసల చొప్పున పదహారణాలకు తొంభయ్యారేగా, మిగతా నాలుగు పైసలు ఎటు పోయాయని కొట్లో తగువులాడేవాళ్ళు.

రేకు పనిచెయ్యాలంటే నియమాలు పెట్టాడు పంతులుగారు. శనివారం ఒంటిపూట భోజనం, నువ్వులనూనె దీపం. అప్పు చెయ్యకూడదు, కోర్టు మెట్లెక్కకూడదు. ఆ చివరి రెండూ ఏ శాస్త్రంలో ఉన్నాయో గానీ, ఆయనకు మామ సంగతి బాగా తెలుసు. జానెడు గట్టు కోసం దాయాది మీద వ్యాజ్యం వేశాడు మామ. వాయిదా వాయిదాకీ నరసరావుపేట ప్రయాణం. ప్లీడరు ఫీజు, బస్సుచార్జీ, సాక్షులిద్దరికీ హోటలు భోజనం, తీరా అంతదూరం వచ్చాం గదాని సాయంత్రం సినిమా. అన్నిటికీ ప్రోనోట్లు రాసి తెచ్చిన డబ్బే. కోర్టులో ఓడినవాడు అక్కడే ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడని ఊరికే అన్నారా! దాయాది పెళ్ళాం ఎన్ని చెప్పినా, మా అత్త ఎంత మొత్తుకున్నా మానని మనిషి, ఆ తొమ్మిది గళ్ళకు భయపడి రాజీపత్రం రాశాడు. ఆకాశంలో శని సంగతి నాకు తెలియదు గానీ, మామ మీద ఆ రేకు పనిచెయ్యడం నేను కళ్ళారా చూశాను. అందుకే దానిమీద నాకు గౌరవం.

ఇంతలో సాగర్ వచ్చింది. 1955 డిసెంబరు 10న నెహ్రూ శంకుస్థాపన చేసిన డ్యాము అది. 1967 ఆగస్టు 4న ఇందిరాగాంధీ కాలువలకు నీళ్ళు వదిలింది. మామ లెక్క వినాలి నువ్వు. శని పోవాల్సింది 1968లో, నీళ్ళొచ్చింది 1967లో, కాబట్టి రేకు ఏడాది కోసేసింది! వేలమంది కూలీలు పన్నెండేళ్ళు రాయి మీద రాయి పేర్చితే వచ్చిన నీళ్ళు మామా అంటే, "కలిసొచ్చే కాలం వస్తే నడిచొచ్చే కొడుకు పుడతాడ్రా, వాళ్ళ చేత అంత త్వరగా పేర్పించిందెవరు?" అని నామీదకే వచ్చేవాడు.

1990లో శని మళ్ళీ కుంభరాశివాళ్ళ జోలికొచ్చాడు. అప్పటికి పంతులుగారు లేరు, మామకు అరవై దాటాయి. కొత్త రేకు కోసం ఎక్కడికీ పోలేదు. గుమ్మం మీది పాతదాన్నే దించి, చింతపండుతో తోమి, మళ్ళీ మేకు కొట్టాడు. కొడుకు మిరప సాగుకు అప్పు తెస్తానంటే ఆ మేకు వైపు చెయ్యి చూపించాడు. ఆ ఏడున్నరేళ్ళూ ఆ ఇంట్లో ప్రోనోటు మీద సంతకం పడలేదు.