చెరువులోకి వదిలిన చేప మళ్లీ చేతికి రాదు: విదేశీ జాతులతో స్థానిక చేపలకు ముప్పు

నెల్లూరు జిల్లా పశ్చిమ మండలాలు మెట్ట ప్రాంతం. ఆత్మకూరు వైపు పెన్నాపై కట్టిన సోమశిల జలాశయం, ఉదయగిరి దగ్గర గండిపాలెం రిజర్వాయర్, ఊరూరా ఉన్న చెరువులే ఇక్కడి చేపల వేటకు ఆధారం. ఇలాంటి నీళ్లలో పరాయి చేప చేరితే ముందు దెబ్బతినేది స్థానిక చేప, ఆ తర్వాత వల వేసే కుటుంబం.

ఏది ప్రమాదకరం?

బయటి నుంచి వచ్చిన ప్రతి చేపా చెడ్డది కాదు. చెరువుల్లో పెంచే బంగారు తీగ, గడ్డి చేప కూడా విదేశీవే. అదుపు లేకుండా పెరిగి, స్థానిక చేపల తిండిని, గుడ్లను, పిల్లలను మింగేసే వాటితోనే చిక్కు.

ప్రధానమైనవి మూడు

ఆఫ్రికన్ క్యాట్‌ఫిష్: మన మార్పు చేపకు దగ్గరి జాతి. దొరికిన చేపనల్లా తినేస్తుంది. గాలి పీల్చి బురదలోనూ బతుకుతుంది. కేంద్రం 2000లోనే దీని పెంపకాన్ని నిషేధించింది. అయినా దొంగచాటుగా పెంచుతున్నారు. వరద వస్తే గట్టు దాటి వాగుల్లోకి వెళ్తుంది.

తిలాపియా: 1952లో దేశంలోకి తెచ్చారు. కొన్ని నెలలకే గుడ్లు పెడుతుంది, వాటిని నోట్లో దాచి కాపాడుకుంటుంది. అందుకే చెరువంతా త్వరగా నిండిపోతుంది.

దెయ్యం చేప: దక్షిణ అమెరికాది. అక్వేరియం అద్దాల పాచి తింటుందని కొంటారు, పెద్దదయ్యాక చెరువులో వదిలేస్తారు. గరుకు పొలుసులు, ముళ్లు వలలను చింపేస్తాయి. గట్లలో బొరియలు చేస్తుంది. హైదరాబాద్‌లోని సీసీఎంబీ శాస్త్రవేత్తలు నీటిలోని డీఎన్ఏ ఆనవాళ్లతో వెతికితే, తూర్పు కనుమల్లో పరిశీలించిన నీటి వనరుల్లో సుమారు 60 శాతం చోట్ల ఇది ఉన్నట్లు తేలింది. ఉదయగిరిని ఆనుకుని ఉన్న వెలికొండలు కూడా తూర్పు కనుమల్లో భాగమే.

సముద్రంలోనూ ఇదే తంతు

హిందూ, పసిఫిక్ మహాసముద్రాలకు చెందిన లయన్‌ఫిష్ 1985లో అమెరికాలోని ఫ్లోరిడా తీరంలో కనిపించింది. అక్వేరియంల నుంచే సముద్రంలోకి చేరిందని అంచనా. ఇప్పుడు కరీబియన్ పగడపు దిబ్బల్లో చిన్న చేపలను ఖాళీ చేస్తోంది. పాచి తినే చేపలు తగ్గితే పగడాలపై పాచి పేరుకుంటుంది. అక్కడ దాన్ని వేటాడే జీవులు చాలా తక్కువ.

ఏం చేయాలి?

అక్వేరియం చేప వద్దనుకుంటే దుకాణానికి తిరిగి ఇవ్వాలి. చెరువులో, కాలువలో వదలకూడదు. మార్పు పేరుతో ఎవరైనా పిల్లలు అమ్మితే ఏ జాతో తెలుసుకున్నాకే కొనాలి. వలలో దెయ్యం చేప పడితే తిరిగి నీళ్లలోకి విసరకుండా మత్స్యశాఖ సిబ్బందికి చెప్పాలి. ఒకసారి పెద్ద జలాశయంలో స్థిరపడితే దాన్ని పూర్తిగా ఏరివేయడం దాదాపు అసాధ్యం. రాకుండా ఆపడమే చవకైన మందు.