పాలారు ఒడ్డున ఆత్రేయ పాట

చిత్తూరు, వేలూరు, గుడియాత్తం ఒకప్పుడు ఒకే ఉత్తర ఆర్కాటు జిల్లా. 1911లో చిత్తూరు వేరే జిల్లా అయింది. 1953లో ఆంధ్ర రాష్ట్రంలోకి వెళ్లింది. వేలూరు, గుడియాత్తం మద్రాసు రాష్ట్రంలో ఉండిపోయాయి. పలమనేరు వైపు నుంచి వచ్చే కౌండిన్య నది మాత్రం ఇప్పటికీ గుడియాత్తం మీదుగానే పాలారులో కలుస్తుంది. వేలూరు, గుడియాత్తం వైపు తెలుగు ఇళ్లలో ఎంతోమంది తమిళ బడుల్లో చదువుకున్నారు. తెలుగు మాట్లాడతారు, చదవలేరు. చెవితోనే భాషను నిలుపుకున్న వాళ్లకు సినిమా పాటే పెద్దబాలశిక్ష. వాళ్లకు నిఘంటువు అవసరం రానివ్వని కవి ఆచార్య ఆత్రేయ.

అసలు పేరు కిళాంబి వెంకట నరసింహాచార్యులు. 1921 మే 7న సూళ్లూరుపేట దగ్గర మంగళంపాడులో పుట్టారు. క్విట్ ఇండియా ఉద్యమంలో చదువు వదిలి జైలుకు వెళ్లారు. తర్వాత గుమస్తాగిరీ చేశారు, ‘జమీన్ రైతు’ పత్రికలో పనిచేశారు. చాలీచాలని జీతంతో ఈదే సంసారాన్ని ‘ఎన్జీవో’ నాటకంగా రంగస్థలం ఎక్కించారు. 1951లో ‘దీక్ష’తో సినిమా పాటల్లోకి వచ్చారు. నాటకం నేర్పిన విద్య అక్కడ అక్కరకొచ్చింది. ఆ పాత్ర ఆ క్షణాన అనగలిగిన మాటే ఆయన చేతిలో పల్లవి అయింది.

ఆ మాటకు తోడు దొరికినవారు కె.వి. మహదేవన్. ఆయన తమిళుడు. సాహిత్యం ముందు రాయించుకుని బాణీ కట్టడం ఆయన పద్ధతి. అందుకే ‘మంచి మనసులు’, ‘మూగమనసులు’ పాటల్లో మాట విరుపు చెడదు. 1971లో ‘ప్రేమనగర్’కు ఆత్రేయ రాశారు. మరుసటి ఏడాది దాని తమిళ రూపం ‘వసంత మాళిగై’కి కణ్ణదాసన్ రాశారు. సంగీతం రెండింటికీ మహదేవనే. ఒకే కథ మీద ఇద్దరు కవుల పట్టును పోల్చి చూసే భాగ్యం రెండు భాషలూ వచ్చిన సరిహద్దు ప్రేక్షకుడిదే. ఆత్రేయ పాటలు రాసిన 1978 నాటి ‘మరోచరిత్ర’ అయితే మద్రాసు సఫైర్ థియేటర్లో తెలుగులోనే 596 రోజులు ఆడింది.

రాసి ప్రేక్షకుల్ని, రాయక నిర్మాతల్ని ఏడిపిస్తారని పరిశ్రమలో ఆయనకు పేరు. తేలిక మాట అంత తేలిగ్గా దొరకదు మరి. 1989 సెప్టెంబరు 13న ఆయన కన్నుమూశాక నటుడు కొంగర జగ్గయ్య పూనుకుని రచనలను ‘ఆత్రేయ సాహితి’ సంపుటాలుగా వెలువరించారు. అవి చదవాలంటే తెలుగు లిపి రావాలి. పాటకు ఆ షరతు లేదు. సరిహద్దుకు అవతల పడ్డ భాష బతకాలంటే బడి కావాలి. బడి లేనిచోట ఇలాంటి పాటైనా ఉండాలి.