తహసీల్దారు గోపన్న

నేలకొండపల్లి కంచర్ల వారి గోపన్నకు పాల్వంచ పరగణా తహసీల్దారు ఉద్యోగం వచ్చింది. అప్పట్లో అదేమీ చిన్న పదవి కాదు. గోల్కొండ గద్దె మీద 1672 నుంచి అబుల్ హసన్ కుతుబ్‌షా ఉన్నాడు. జనం నోట ఆయన తానీషా. దర్బారులో చక్రం తిప్పుతున్న అక్కన్న, మాదన్నలు గోపన్నకు మేనమామలని చెబుతారు. గోదావరి ఒడ్డున అడవులు, కోయగూడేలు, వాటి మధ్య పల్లెలు. శిస్తు వసూలు చేసి ఖజానాకు పంపడమే ఆయన పని. అలా పనిచేసుకుపోతే ఎంత పైకి వెళ్లేవాడో!

భద్రగిరి మీద పోకల దమ్మక్క పందిరి వేసి, తాటిపండు నైవేద్యం పెట్టి కొలిచిన రాముడు ఆయన కంటపడ్డాడు. గుడి కట్టాలనుకున్నాడు. చందాలు చాలలేదు. శిస్తు సొమ్ము మీద చెయ్యి వేశాడు. ఆరు లక్షల వరహాలని జనశ్రుతి.

ఇవాళ్టి లెక్కలో కూడా ఇది తప్పే. సర్కారు సొమ్మును అనుమతి లేకుండా మళ్లించిన అధికారికి ఛార్జి మెమో రాక మానదు. సొంతానికి పైసా వాడుకోలేదన్న మాట శిక్ష తగ్గించమని అడగడానికి పనికొస్తుంది కానీ, అభియోగాన్ని చెరిపెయ్యదు. భక్తితో మనం ఈ ముక్కను దాటేస్తాం. దాటేస్తే ఆయనకు జరిగిన అసలు అన్యాయం కనబడదు. తప్పు చేశాడా లేదా, చేస్తే శిక్ష ఎంత, అది ఏనాటితో తీరుతుంది? వీటిలో ఒక్కదానికీ జవాబు లేకుండా చెరలో పన్నెండేళ్లు గడిచాయని గాథ చెబుతోంది.

గోల్కొండ కోటలో ఆ చెరసాలను ఇప్పటికీ చూపిస్తారు. పగటిపూట కూడా మసక చీకటే. పైకప్పులోని కంత గుండా కాస్త వెలుగు దిగుతుంది. గోడ రాతి మీద రాముడు, హనుమంతుడు మొదలైన బొమ్మలున్నాయి. గోపన్నే చెక్కాడంటారు. వాటి ముందు నిలబడితే భక్తి కంటే ముందు నాకు తట్టేది ఆ మనిషికి మిగిలిన తీరిక. పరగణా లెక్కలు రాసిన చేతికి రాయి తప్ప మరో పని లేదు.

అక్కడే ‘ఇక్ష్వాకు కులతిలకా’ కీర్తన పుట్టిందంటారు. దాన్ని కచేరీల్లో ఎంతోమంది పాడగా విన్నాం. ఒక్కసారి ఉద్యోగి చెవితో వినండి. అది పద్దులవారీగా ఇచ్చిన సంజాయిషీ. ప్రాకారానికి ఇంత, భరతుడి పచ్చల పతకానికి ఇంత, శత్రుఘ్నుడి మొలతాడుకు ఇంత, లక్ష్మణుడి ముత్యాల పతకానికి, సీతమ్మ చింతాకు పతకానికి ఇంతింత. పదివేల వరహాలు, పదివేల మొహరీలు అంటూ లెక్క అప్పజెబుతాడు. వినాల్సిన అధికారి వినడు కాబట్టి దేవుడికి వినిపించాడు. ఆ నగలు నీ తండ్రి పెట్టాడా, మామ పంపాడా అని దేవుణ్ణే నిలదీశాడు. మరుక్షణం, దెబ్బలకు ఓర్వలేక తిట్టానయ్యా, తప్పు పట్టకు అని ఏడ్చాడు. శిక్ష ఎంతకాలమో తెలియని మనిషి ఇలాగే కోపం నుంచి వేడికోలుకు, వేడికోలు నుంచి కోపానికి ఊగిసలాడతాడు.

చివరికి రామోజీ, లక్ష్మోజీలన్న పేర్లతో వచ్చిన ఇద్దరు అర్ధరాత్రి బాకీ కట్టి, తానీషా చేత రసీదు రాయించుకున్నారని గాథ. గోపన్న విడుదలయ్యాడు. తహసీల్దారు పోయి భక్త రామదాసు మిగిలాడు. మేనమామల గతి మరీ ఘోరం. 1686లో ఇద్దరూ గోల్కొండలోనే హత్యకు గురయ్యారు. మరుసటేడు ఔరంగజేబు సేనలకు కోట లొంగింది. తానీషా దౌలతాబాద్ కోటలో ఖైదీగానే కన్నుమూశాడు. గోపన్నకు పోయిన పన్నెండేళ్లకు జవాబు చెప్పాల్సిన వాళ్లెవరూ మిగల్లేదు.

ఇప్పుడైతే, విచారణ తేలక పదోన్నతి ఆగిన ఉద్యోగికి జవాబు చెప్పడానికి చట్టం ఉంది. పదోన్నతి హక్కు కాకపోయినా, పదోన్నతికి పరిశీలించమని అడగడం ఉద్యోగి ప్రాథమిక హక్కు. ఛార్జి మెమో ఇవ్వకముందే, ఏదో ఎంక్వైరీ నడుస్తోందన్న సాకుతో ప్రమోషన్ నిర్ణయాన్ని సీల్డ్ కవర్‌లో పెట్టి ఆపకూడదని 1991లో జానకిరామన్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. పూర్తిగా నిర్దోషి అని తేలితే వెనకటి తేదీ నుంచి ప్రమోషన్ ఇవ్వాలంది. పని చేయలేదు కాబట్టి జీతం లేదనే సూత్రం, పనికి సిద్ధంగా ఉన్నవాణ్ణి పక్కన కూర్చోబెట్టిన చోట మామూలుగా చెల్లదంది. శాఖాపరమైన విచారణను వీలైతే ఆరు నెలల్లో, తప్పనిసరైతే ఏడాదిలో ముగించాలని 2015లో ప్రేమ్‌నాథ్ బాలి కేసులో చెప్పింది.

ఈ తీర్పుల్లోని న్యాయం నాకు ఊరటే. కానీ తీర్పు ఫైలును కదిలించదు, ఫైలును మనుషులే కదిలించాలి. చర్లలోనో దుమ్ముగూడెంలోనో ఓ గుమాస్తాకు ఛార్జి మెమో వస్తే, విచారణాధికారి బదిలీ అయితే, ఆ తర్వాత వచ్చినవాడు మొదటినుంచీ మొదలుపెడితే, ఆ లోపల జూనియర్లు ఒక్కొక్కరే దాటిపోతుంటారు. ఆ గుమాస్తా లంచం తిన్నాడా, పైవాళ్ల తప్పు మోస్తున్నాడా అన్నది విచారణ ముగిస్తే కదా తెలిసేది! తిని ఉంటే శిక్ష పడాలి, అదీ త్వరగా పడాలి. అది తేలకుండానే రిటైరైతే చేతికి వచ్చేది తాత్కాలిక పింఛను. గ్రాట్యుటీ ఆగిపోతుంది. ఆ తర్వాత నిర్దోషి అని కాగితం వచ్చినా, బకాయిలు కూడా రావచ్చేమో గానీ, కూర్చోవాల్సిన కుర్చీలో ఒక్క రోజైనా కూర్చోడు.