గ్రంథమునుండి వెండితెరకు: రోనాల్డ్ నీమ్ చలనచిత్ర జీవితము

నవలను చదువునప్పుడు పాఠకుడు పాత్రలకు తన మనస్సులోనే రూపకల్పన చేసికొనును. ఆ నవల చలనచిత్రమైనపుడు ఆ యధికారము చిత్రమును తీయువారికి సంక్రమించును. అది యెంత బరువైన అధికారమో ఆంగ్లేయుడైన రోనాల్డ్ నీమ్ జీవితమువలన తెలియగలదు.

నీమ్ 1911వ సంవత్సరము ఏప్రిల్ 23వ తేదీన లండను నగరమున జన్మించెను. తండ్రి ఎల్విన్ నీమ్ ఛాయాగ్రాహకుడు, చిత్రదర్శకుడు. తల్లి ఐవీ క్లోజ్ మూకీచిత్రముల నటి. 1923లో తండ్రి మోటారు ప్రమాదమున మరణించుటతో బాలుని చదువు ఆగిపోయెను. ఒక చమురు కంపెనీలో ఆఫీసు కుఱ్ఱవాడుగా కొంతకాలము పనిచేసి, పిమ్మట ఎల్‌స్ట్రీ స్టూడియోలో చిన్న కొలువున చేరెను. 1929లో హిచ్‌కాక్ తీసిన ‘బ్లాక్‌మెయిల్’ చిత్రమునకు సహాయ ఛాయాగ్రాహకులలో ఒకడయ్యెను. మూకీగా ఆరంభమై టాకీగా ముగిసిన చిత్రమది.

పిదప ఛాయాగ్రాహకుడుగా పేరొంది, డేవిడ్ లీన్, ఆంథొనీ హేవ్‌లాక్-అలన్‌లతో కలిసి ‘సినీగిల్డ్’ సంస్థను స్థాపించెను. ‘బ్రీఫ్ ఎన్‌కౌంటర్’ (1945), ‘గ్రేట్ ఎక్స్‌పెక్టేషన్స్’ (1946) చిత్రముల కథారచనలో పాల్గొని, రెండింటికిని ఆస్కారు పరిశీలనలో స్థానము పొందెను. డికెన్స్ బృహన్నవల రెండుగంటల చిత్రమైనను దాని జీవము చెడలేదు.

‘ఆలివర్ ట్విస్ట్’ (1948) నిర్మాతగా నీమ్‌కు కఠిన పరీక్ష యెదురయ్యెను. నవల తొలిసారి వెలువడినపుడు క్రూక్‌షాంక్ గీచిన బొమ్మల ననుసరించి ఫాగిన్ పాత్రకు వేషము కూర్చిరి. నాజీలు యూదులపై సాగించిన మారణహోమము ముగిసి అప్పటికి మూడేండ్లే గడచెను. యూదజాతిని అవమానించు చిత్రమని 1949లో బెర్లినున ఆందోళన చెలరేగెను. అమెరికాలో 1951వరకు విడుదల నిలిచి, కొన్ని భాగములు తొలగింపబడెను. పుస్తకమునకు విధేయుడైనంతమాత్రమున చిత్రనిర్మాత బాధ్యత తీరదని యీ యుదంతము చాటినది.

1947లోనే ‘టేక్ మై లైఫ్’తో దర్శకుడైన నీమ్, అటుపిమ్మటను నవలలను విడువలేదు. ‘ది హార్సెస్ మౌత్’ (1958) కథారచనను నటుడు అలెక్ గిన్నెస్‌కును, ‘ట్యూన్స్ ఆఫ్ గ్లోరీ’ (1960) కథారచనను మూలనవలాకర్తయైన జేమ్స్ కెన్నవేకును విడిచెను. కలము పట్టినవాడయ్యు ఇతరుల కలమును గౌరవించుట ఆయన గుణము. 1969లో తీసిన ‘ది ప్రైమ్ ఆఫ్ మిస్ జీన్ బ్రోడీ’ మ్యాగీ స్మిత్‌కు ఉత్తమనటిగా ఆస్కారు తెచ్చెను. 1972నాటి ‘ది పొసైడన్ అడ్వెంచర్’ అపారధనము నార్జించెను. 1986లో భారతీయ నటుడు విక్టర్ బెనర్జీ నాయకుడుగా ‘ఫారిన్ బాడీ’ని తీసెను.

2010 జూన్ 16న లాస్ ఏంజెలిసున, తొంబదితొమ్మిదవ యేట, నీమ్ కన్నుమూసెను. ఆయన చిత్రములకు మూలమైన నవలలు గ్రంథాలయములలో నేటికిని నిలిచియున్నవి. చిత్రమును చూచినవారు మూలమును చదివి, తమ మనస్సులోని రూపములతో వానిని పోల్చుకొందురుగాక.