కాలయంత్రానికి తాళం

కాలంలో వెనక్కీ ముందుకీ వెళ్లాలన్న కోరిక కథల్లో చాలా పాతది. వెళ్లినవాడు క్షేమంగా తిరిగి రావాలన్న చింత మాత్రం ఆలస్యంగా మొదలైంది. భాగవతం నవమ స్కంధంలో కకుద్మి కథ చూడండి. కూతురు రేవతికి తగిన వరుణ్ణి అడుగుదామని ఆ రాజు ఆమెను వెంటబెట్టుకుని బ్రహ్మలోకానికి వెళ్లాడు. అక్కడ గంధర్వ గానం సాగుతోంది, కాసేపు ఆగాడు. ఆ కాసేపట్లో భూమ్మీద ఇరవై ఏడు మహాయుగాలు గడిచిపోయాయి. అతను మనసులో అనుకున్న వరులే కాదు, వాళ్ల మనుమల మనుమలు కూడా మిగల్లేదు. ఈ ప్రయాణంలో యంత్రం లేదు, తిరుగు దారీ లేదు. విష్ణుపురాణం ఇంకో ముచ్చట కలిపింది: పాత యుగపు మనిషి కాబట్టి రేవతి మరీ పొడవుగా ఉంటే, బలరాముడు నాగలి కొసతో ఆమెను తన యుగానికి తగ్గట్టు పొట్టి చేశాడట. కాలం తేడాను సరిచేసిన తొలి పనిముట్టు నాగలే అన్నమాట!

పరికరం దెబ్బతింటే ఏమవుతుందో చెప్పే కథ లీలావతిది. అడుగున సన్నటి చిల్లు ఉన్న రాగి గిన్నెను నీళ్ల మీద వదిలితే, అది నిండి మునిగేసరికి ఒక గడియ, అంటే 24 నిమిషాలు. రోజుకు అరవై మునకలు. భాస్కరాచార్యుడు కూతురు లీలావతి పెళ్లి ముహూర్తం కోసం అలాంటి గిన్నెను అమర్చాడనీ, పిల్ల వంగి చూస్తుంటే నగలోని ముత్యం జారి చిల్లుకు అడ్డం పడిందనీ, గిన్నె మునగలేదు గానీ ముహూర్తం దాటిపోయిందనీ చెబుతారు. భాస్కరుడి గణిత గ్రంథం 'లీలావతి'కి ఫైజీ 1587లో చేసిన పారశీక అనువాదంతో ప్రచారమైన ఈ కథ చరిత్ర కాకపోవచ్చు. అయినా ఇందులో తప్పు యంత్రానిది కాదు, దగ్గరికి వచ్చి తొంగిచూసిన మనిషిది. తర్వాతి కథలు చాలావరకు ఈ దారినే నడిచాయి.

యంత్రంలో కూర్చుని వెళ్లడం ఐరోపా నవలల్లో వచ్చింది. స్పెయిన్ రచయిత ఎన్రికే గాస్పర్ 1887లో రాసిన నవలలో ప్రయాణికులకు ముందుగా ఒక ప్రత్యేకమైన రక్షణ కల్పించాలి. లేకపోతే కాలం వెనక్కి పోయినకొద్దీ వాళ్ల వయసూ తగ్గిపోతుంది. 1895లో నవల రాసిన హెచ్.జి. వెల్స్ ఇంకా జాగ్రత్తపరుడు. ఆయన యంత్రానికి రెండు లీవర్లు, ఒకటి ముందుకు, ఒకటి వెనక్కి. భవిష్యత్తులో దిగగానే కథానాయకుడు ఆ రెంటినీ విప్పి జేబులో వేసుకుంటాడు. యంత్రాన్ని ఎవరో లాక్కుపోయినా నడపలేకపోవడానికి అదే కారణం. కాలయంత్రాల కథల్లో నాకు నచ్చిన తెలివైన పని ఇదే.

వెల్స్ ఇంకో ప్రమాదం కూడా చెప్పాడు. యంత్రం కాలంలో కదులుతుంది గానీ చోటు మారదు. ఆగే క్షణంలో అక్కడ ఇంకేదైనా వస్తువుంటే పేలుడు తప్పదు. ఈ మాట గద్వాల, నాగర్‌కర్నూల్ ప్రాంతం వాళ్లకు ఇట్టే అర్థమవుతుంది. శ్రీశైలం జలాశయం వస్తోందని కూడవెల్లి సంగమేశ్వరాలయాన్ని రాయి రాయిగా విప్పి అలంపురంలో మళ్లీ కట్టారు. జటప్రోలు మదనగోపాలస్వామి గుడినీ, సోమశిల గుళ్లనూ ముంపు నుంచి ఇలాగే తరలించారు. ఇప్పుడు అలంపురం సంగమేశ్వరుడి ముందు కూర్చుని 1526కి మీట తిప్పితే చుట్టూ గుడి ఉండదు. అసలు చోటు నుంచి బయల్దేరుదామంటే అక్కడ నీళ్లు. గద్వాలకు వెళ్దామా అంటే ఆ కోట అప్పటికి కట్టనే లేదు. అలంపురం నవబ్రహ్మ ఆలయాలు మాత్రం అప్పటికే ఏడెనిమిది వందల ఏళ్లవి.

1526 అని ఊరికే అనలేదు. 1991 జూలైలో వచ్చిన 'ఆదిత్య 369' సినిమాలో కాలయంత్రం చేరిన ఏడాది అదే. 1520లో రాయచూరు యుద్ధం గెలిచిన కృష్ణదేవరాయలు ఇంకా సింహాసనం మీద ఉన్నాడు. ఆ యుద్ధం జరిగిన కృష్ణా తుంగభద్రల అంతర్వేదికి తూర్పు కొసే గద్వాల, అలంపురాలున్న మన నడిగడ్డ. వెల్స్ నవల తనకు ప్రేరణ అని దర్శకుడు సింగీతం శ్రీనివాసరావు చెప్పుకున్నారు. అయితే వెల్స్ జాగ్రత్త మాత్రం తీసుకోలేదు. టిను ఆనంద్ వేసిన ప్రొఫెసర్ రామదాసు మహా మేధావి, కానీ ఆయన యంత్రం ఎవరు పడితే వాళ్లు ఎక్కేసేలా ఉంటుంది. ఎక్కినవాళ్లకు నడపడం రాదు. రాయల కాలం నుంచి ఇంటికి రావలసింది 2504లో తేలతారు, అణుయుద్ధం తర్వాత మనుషులు నేల కింద బతుకుతున్న లోకంలో. ప్రొఫెసర్ తాళం వేసి ఉంటే ఈ అవస్థ తప్పేది. సినిమా కూడా తప్పేది, అది వేరే సంగతి.

ఆ తర్వాత తెలుగు సినిమా యంత్రాన్ని కొన్నాళ్లు పక్కన పెట్టింది. 1994 'యమలీల'లో యముడి భవిష్యవాణి పుస్తకం భూమ్మీద పడుతుంది. దాన్ని చదవడం తేలికే, చదివినది భరించడమే కష్టం. 2021 'ప్లేబ్యాక్'లో 1993 నాటి అమ్మాయితో ఇప్పటి అబ్బాయి ఫోన్‌లో మాట్లాడతాడు. ఎవరూ ఎక్కడికీ వెళ్లరు, మాట ఒక్కటే దాటుతుంది. ప్రయాణికుడి ఒంటికి ఇంతకన్నా భద్రమైన ఏర్పాటు లేదు. జరిగిన కథ తారుమారు కావడానికి మాత్రం ఆ మాటే చాలు. 2022 'బింబిసార'లో మాయాదర్పణం రాజును నేటి కాలానికి విసిరేస్తుంది. ఆ అద్దానికి మీటా లేదు, ముల్లూ లేదు.

అదే ఏడాది 'ఒకే ఒక జీవితం' మళ్లీ ప్రయోగశాలకు వచ్చింది. చనిపోయిన తల్లి కోసం కథానాయకుడు ఆది ఇద్దరు స్నేహితులతో 1998కి వెళ్తాడు. యంత్రం అనుకున్న ఏడాదికే చేర్చింది. వీళ్లు దాన్ని కాపలా లేకుండా వదలడంతో, అప్పటి పిల్లలు, అంటే చిన్నప్పటి వీళ్లే, అందులో ఎక్కి భవిష్యత్తుకు చెక్కేస్తారు. వెల్స్ కథానాయకుడు లీవర్లు జేబులో వేసుకుని అప్పటికి నూట ఇరవై ఏడేళ్లు!

'ఆదిత్య 369'ను 2025 ఏప్రిల్‌లో 4కె బొమ్మతో మళ్లీ విడుదల చేశారు. 'ఆదిత్య 999 మ్యాక్స్' అని కొనసాగింపు గురించి ఆ సినిమా కథానాయకుడు బాలకృష్ణ చాలాసార్లు చెప్పారు. మొదటి సినిమా చివర్లో యంత్రం పేలిపోయింది కాబట్టి కొత్తది కట్టక తప్పదు. ఈసారైనా మీటలు విప్పి జేబులో వేసుకునే వీలు పెడతారేమో చూడాలి.