గోడకు చెవులు: తిమోరు చమురు కథ

మూడున్నర దశాబ్దాలు తరగతి గదిలో 'చారచక్షువు' అనే సమాసానికి విగ్రహవాక్యం చెప్పించినవాణ్ణి. చారులే చక్షువులుగా గలవాడు, రాజు. బహువ్రీహి. ఆ కన్నులు ఎవరి ఇంటిలోనికి చూస్తున్నవని ఏ విద్యార్థీ అడుగలేదు, నేనూ చెప్పలేదు.

ఆ లోటు నాకు తీర్చినది ఆస్ట్రేలియా ఏబీసీ టీవీ వారి 'ఫోర్ కార్నర్స్'. 2014 మార్చిలో వారు ప్రసారం చేసిన పరిశోధన తూర్పు తిమోరు చమురును గూర్చినది. 2002లో స్వతంత్రమైన ఆ చిన్న దేశానికి సముద్రగర్భంలోని చమురు, సహజవాయువులే పెద్ద ఆస్తి. 2004లో ఆస్ట్రేలియాతో ఆ సంపదపై బేరం సాగుతుండగా, సహాయ పథకం కింద దిలీ నగరంలోని ప్రభుత్వ కార్యాలయాలను బాగుచేయిస్తున్నామనే నెపంతో ఆస్ట్రేలియా గూఢచారులు మంత్రివర్గ సమావేశపు గోడలలో వినికిడి యంత్రాలు అమర్చారన్నది అభియోగం. గోడకు చెవులుంటాయన్న సామెతకు ఇంతటి వాచ్యార్థం నేనెన్నడూ ఎరుగను!

2006 ఒడంబడిక గ్రేటర్ సన్‌రైజ్ నిక్షేపాల రాబడిని చెరిసగం చేసి, హద్దుల మాట ఏబదేండ్లు ఎత్తరాదన్నది. గుట్టు విప్పిన ఉద్యోగికి లోకంలో పేరు లేదు. 'సాక్షి కె' అనే అక్షరమే. ఆయన న్యాయవాది బెర్నార్డ్ కొలేరి కార్యాలయాన్ని 2013 డిసెంబరులో సోదా చేశారు.

2018లో కొత్త సంధి కుదిరి, తిమోరు వాటా 70 శాతానికి తగ్గరాదని వ్రాసుకున్నారు. ఆ ఏడే ఆ ఇద్దరిపై కేసులు పెట్టారు! 2021లో సాక్షి కె నేరం ఒప్పుకోగా మూడు నెలల శిక్ష వేసి అమలు నిలిపారు. కొలేరిపై కేసును 2022లో ఉపసంహరించారు. యంత్రాలు పెట్టించినవారిపై ఏ కేసూ నడువలేదు.