స్త్రీలు - చిత్రదర్శకత్వము

చలనచిత్రయంత్రము స్త్రీపురుషభేదము నెరుగదు. అయినను దానిని నడపించు అధికారము చిరకాలము పురుషులయందే నిలిచెను. ఆ అధికారము స్త్రీకి ఏ మార్గమున లభించెనో కొంచెము విచారింతము.

సోవియట్ దేశమున 1919లోనే చిత్రపరిశ్రమ ప్రభుత్వాధీనమయ్యెను. అచ్చట ఎస్ఫిర్ షూబ్ అను వనిత పాత వార్తాచిత్రములను ఏర్చి కూర్చి, రొమానోవ్ రాజవంశపతనమును 1927లో తెరపై చూపెను. కాని పని ఇచ్చిన ప్రభుత్వమునకే దానిని అణచు శక్తియు కలదు. కీరా మురతోవా 1971లో ముగించిన “సుదీర్ఘ వీడ్కోలు” చిత్రము 1987 వరకు మరుగుననే యుండెను.

తెలుగుదేశమున ప్రభుత్వము చిత్రనిర్మాణభారమును వహింపలేదు. 1939లో వరకట్న దురాచారమును గర్హించు “వరవిక్రయము”న కాళిందిగా నటించి రంగప్రవేశము చేసిన భానుమతి, పిమ్మట భర్త రామకృష్ణారావుగారితో కలసి భరణీ సంస్థను నెలకొల్పెను. ఆ సంస్థ పక్షముననే 1953లో “చండీరాణి”ని తెలుగు, తమిళ, హిందీ భాషలలో ఏకకాలమున దర్శకత్వము వహించి వెలువరించెను. తెలుగు చిత్రములకు తొలి దర్శకురాలు ఆమెయే. ప్రజ్ఞ మొదటినుండియు కలదు. సొంత సంస్థ ఏర్పడిన పిదపనే దర్శకత్వము చేతికందెను.

కావున చదువరులారా, భానుమతిని కొనియాడుటతో మన కర్తవ్యము తీరదు. మెట్‌పల్లివంటి యూరినుండి ధనబలము లేని బాలిక ఈ కళను కోరి బయలుదేరినచో, ఆమెకు తలుపు తెరచువారెవరు? పెట్టుబడి గల ఇంటి స్త్రీకి మాత్రమే దక్కునది హక్కు కాదు, అదృష్టము మాత్రమే.